పత్తికి, కందికి మధ్య ఎనిమిది బండలు

నవంబర్ 4, సోమవారం

ఆయన మోకాలు ఎట్లా ఉంది? నిన్నటి కంటే నయం, మెట్లు ఎక్కేటప్పుడే నొప్పి. మంచిర్యాలలో ఆయన అక్క, జానకీబాయి వదినెకు షుగర్ ఎట్లా ఉంది? ఫోన్‌లో గొంతు గట్టిగానే ఉంది, అంటే బాగున్నట్టే. నిర్మల్‌లో కొడుకు విద్యాధర్, కోడలు? బాగున్నారు, పిల్లకు జలుబు. పక్కింటి కుబ్రా నడుము? లేచి తిరుగుతోంది. మా పిల్లి పత్తి బాగుందా? పొద్దున ఒకసారి తుమ్మింది. రెండోసారి తుమ్ముతుందేమోనని గంటసేపు దాని ముందే కూర్చున్నాను. తుమ్మలేదు. ఇచ్చోడలో చెల్లె వినోద తుంటి ఎట్లా ఉంది? అదొక్కటే తెలియదు. అడిగితే బాగుంది అంటుంది. పడిన రోజు కూడా బాగుంది అనే అన్నది.

నేను నాలుగో తరగతి వరకు చదివాను. ఉత్తరాలు తప్ప ఇంకేమీ రాయలేదు, అందుకే ఇది కూడా అట్లనే మొదలైంది. ఆయన జిన్నింగ్ మిల్లులో గుమాస్తాగా ఉన్నప్పటి డైరీ ఒకటి ఖాళీగా ఉంటే తెచ్చి ఇచ్చారు. "నీ ఫికర్లన్ని నాకు జెప్పకు, గిండ్ల రాయి. డాక్టర్ రాసిచ్చిన బీపీ గోలీ నాకొక్కనికే సరిపోతది, నీ ఫికర్లకు గూడ సరిపోదు" అన్నారు. అందులోని తేదీలు కొట్టేసి నావి వేసుకుంటున్నాను.

దసరాకు ముందు వినోద స్నానం గదిలో జారింది. పగలు పన్నెండింటికి పడితే సాయంత్రం ఐదింటికి పాలు పోసే ఐలవ్వ వచ్చి తలుపు తట్టేదాకా అక్కడే ఉంది. ఐదు గంటలు. మరిది పోయి ఆరేళ్లు, పిల్లలు లేరు. అప్పటి నుంచి మా ఇంటికి వచ్చి ఉండమని పోరుతున్నాను. నిన్న ఒప్పుకుంది. ఎట్లా ఒప్పుకుందో అట్లనే రాస్తాను, తరువాత మాట మార్చిందనకుండా:

"అక్కా, నెల దినాలు వస్త. నా పిల్లిని తీస్కొనే వస్త. అది మీ ఇంట్ల నిలవడ్తె నేను నిలవడ్త. నిలవడకుంటె మళ్ల ఇచ్చోడకే. ఆ మీద నువ్వు నన్ను రమ్మనుడు బందు."

ఎల్లుండి వస్తుంది. పిల్లిని బస్సులో ఎట్లా తెస్తుంది. దిగేటప్పుడు కాలు జారితే. మా పత్తి ఎనిమిదేళ్లుగా ఒక్కతే ఉన్నది, ఇంకొక పిల్లి మొహం చూడలేదు.

నవంబర్ 6, బుధవారం

వచ్చింది. కాలు జారలేదు. పిల్లిని కూరగాయల గంపలో పెట్టి పైన తువ్వాల కట్టింది. బస్సులో కండక్టర్ అడిగాడట, "గంపల ఏందమ్మా?" అని.

"కూరగాయలు బిడ్డా."

"మ్యావ్ మంటున్నయ్ గదమ్మా."

"లేతగున్నయ్."

ఈ మాట చెప్పి తానే నవ్వింది. నేను నవ్వలేదు, మధ్యలో దింపేసి ఉంటే ఏమయ్యేదా అని ఆలోచిస్తున్నాను.

దాని పిల్లి పేరు కంది. కందిపప్పు రంగు. గంప విప్పగానే మా పత్తి తోక చీపురుకట్ట అంత అయింది. కంది ఒక్క దూకులో అల్మారా ఎక్కింది. పత్తి వంటింటి దర్వాజ దగ్గర కూర్చుని దాన్నే చూస్తోంది. హాలులో పరిచినవి షాబాదు బండలు. లెక్కపెట్టాను, రెండింటికీ మధ్య ఎనిమిది బండలు.

ఆయన పేపర్ దించకుండానే అన్నారు: "పత్తి చేన్ల కంది సాళ్లు ఎయ్యమా? గవి కలిసి పండుతలేవా? ఇవీ గంతే. జర ఓపిక వట్టు."

వినోద తన సంచి విప్పలేదు. చీర ఒకటి పైకి తీసి మార్చుకుని సంచి మూతి మళ్లీ కట్టింది.

నవంబర్ 7

ఎనిమిది బండలు.

నవంబర్ 8, శుక్రవారం

శుక్రవారం కాబట్టి ఇల్లంతా కడిగాను. గడపలకు పసుపు రాశాను. వంటింటి దర్వాజకు కింద, మూరెడు ఎత్తున, ఉత్త నీళ్లతో కడిగితే పోని గోధుమరంగు జిడ్డు మరక ఒకటి ఉంది. పత్తి అక్కడే ఒళ్లు రాస్తుంది. చెల్లె ముందు ఇల్లు మురికిగా కనిపించవద్దని దాన్ని కూడా కొబ్బరిపీచుతో తోమాను.

సాయంత్రం రెండు పిల్లులూ కొట్లాడుకున్నాయి. విడదీయబోతే వినోద చేతికి గోరు గీరుకుంది. పసుపు అద్దుతుంటే, "ఇంక ఇరవై ఎనిమిది దినాలున్నయ్ తీ అక్కా" అన్నది. నాకు ధైర్యం చెప్పిందో, లెక్క చెప్పిందో తెలియలేదు.

నవంబర్ 12, మంగళవారం

ఆరు బండలు. నాలుగు రోజులుగా రెండూ ఒకే పని చేస్తున్నాయి. పత్తి వచ్చి దర్వాజకు చెంప రాసి పోతుంది. తరువాత కంది అల్మారా దిగి వచ్చి అదే చోట ముక్కు పెట్టి చాలాసేపు వాసన చూసి, తన చెంప కూడా అక్కడే రాసి మళ్లీ ఎక్కి కూర్చుంటుంది. గ్యాస్ సిలిండర్‌కు కూడా ఇదే వరుస. ఆయన బజారు నుంచి రాగానే పత్తి కాళ్లకు చుట్టుకుని రాస్తుంది.

దురద అనుకుంటున్నాను. గజ్జి అయితే ఒకదాని నుంచి ఇంకొకదానికి అంటుతుంది, ఆ మీద మాకు. వేపాకు మరిగించిన నీళ్లు చల్లార్చి గుడ్డతో తుడవబోతే పత్తి నన్ను చూసిన చూపు మా వదినె చూసినట్టే ఉంది. వదిలేశాను.

నవంబర్ 14, గురువారం

మూడు బండలు. మూడే. ఒక గిన్నెలో ఇదీ, ఒక గిన్నెలో అదీ పాలు తాగుతున్నాయి, రెండూ తలెత్తి చూసుకోలేదు కూడా. వినోద సంచి విప్పి నాలుగు చీరలు నా అల్మారాలో పెట్టింది. నా చీరలను పక్కకు జరిపి పెట్టింది. నేను చూడనట్టు కూరగాయలు కోస్తూ ఉన్నాను. వంకాయ ఒకటి ఎక్కువ కోశాను.

నవంబర్ 15, శుక్రవారం, కార్తీక పున్నమి

పున్నమి, శుక్రవారం రెండూ కలిసి వచ్చాయి. తెల్లవారక ముందే లేచి ఇల్లు, వాకిలి, దర్వాజలు, కిటికీలు అన్నీ కడిగాను. దుప్పట్లు, పిల్లులు పడుకునే బొంత కూడా ఉతికి ఆరేశాను. సంతోషంతో చేతులు ఆగలేదు. చెల్లె వత్తులు చేసింది, ఇద్దరం కలిసి వెలిగించాం.

సాయంత్రం యుద్ధం. పప్పుచారు గిన్నె కింద పడింది. ఆయన మోకాలు మరచిపోయి కుర్చీ ఎక్కారు.

ఎనిమిది బండలు.

నవంబర్ 16, శనివారం

శుక్రవారమే ఎందుకు? పోయిన శుక్రవారం కూడా. ఏదో దోషం ఉంది. ఆయనతో అంటే, "శుక్రారం నాడు పిల్లులు గూడ ఉపాసముంటయా, ఆకలికి కొట్లాడెతందుకు?" అన్నారు. వచ్చే శుక్రవారం ఇంకా శుద్ధిగా చేయాలి. ఫినాయిల్ తెప్పించాను.

వినోద ఐలవ్వతో ఫోన్‌లో మాట్లాడింది. "వాకిలి జర ఊడ్పియ్యవ్వా. డిసెంబర్ల వస్తనేమో" అంటుంటే విన్నాను. వినాలని వినలేదు, గిన్నె తోముతూ ఉంటే వినపడింది. గిన్నె అప్పటికే తోమినదే.

నవంబర్ 18, సోమవారం

వినోద పోతే పోనీ. నాకేం. ఇల్లు ప్రశాంతంగా ఉంటుంది. ఒకరి కోసం ఇంకొక కూర చేయనక్కర లేదు. దాని గురక కూడా ఎక్కువే.

మధ్యాహ్నం రెండింటి చాయ్ దానితో తాగడం అలవాటయింది. అదేం పెద్ద సంగతి కాదు.

ఆయన చాయ్‌లో చక్కెర ఎక్కువైందన్నారు. ఎవరికి పోసిన కప్పు ఎవరికి ఇచ్చానో.

నవంబర్ 22, శుక్రవారం

చాలా రాయాలి.

పొద్దున ఫినాయిల్‌తో అంతా తోమాను, దర్వాజ రెండుసార్లు. పది గంటలకు పత్తి కంది మీద పడింది, అది కిటికీలో నుంచి దూకి గోడ అవతలికి పోయింది. వినోద చెప్పులు వేసుకుని వీధంతా తిరిగింది, "కందీ, కందీ" అని. కూరగాయల బండి అతను "నేను కందిపప్పు అమ్మనమ్మా" అన్నాడట. అప్పుడు కూడా నవ్వలేదట. తిరిగి వచ్చి మంచం మీద కూర్చుంది. "దానికి ఈ ఊర్ల తొవ్వ గూడ తెల్వదక్కా" అన్నది. అంతే.

మధ్యాహ్నం పక్కింటి కుబ్రా కోడలు అతియా వచ్చింది. పశువుల దవాఖానలో పని చేస్తుంది. దాని చంకలో కంది.

"మా ఫ్రిజ్ మీద కూసున్నది పెద్దమ్మా. మా అత్త అప్పటి సంది దాంతోని మాట్లాడుతుంది. రొట్టె గూడ వెట్టింది." కందిని వినోద చేతిలో పెట్టి ముక్కు మూసుకుంది. "ఏంది పెద్దమ్మా గీ వాసన? దవాఖాన్ల గూడ గింత ఫినాయిల్ కొట్టం."

నేను అంతా చెప్పాను. శుక్రవారం దోషం, గజ్జి, వేపనీళ్లు, మరక. మరక దగ్గరికి వచ్చేసరికి అతియా లేచి వంటింటి దర్వాజ దగ్గర కూర్చుని వేలితో తడిమింది. అక్కడ ఏమీ లేదు, అద్దంలా ఉంది.

"ఇది నువ్వే కడిగినవా?"

"రెండుసార్లు కడిగిన బిడ్డా."

"ప్రతి శుక్రారమా?"

"ప్రతి శుక్రారం."

అతియా నా మొహం చూసి నవ్వు ఆపుకోవాలని చూసింది గానీ ఆగలేదు. "గజ్జి గాదు పెద్దమ్మా. పిల్లికి చెంపల కాడ, నుదురు కాడ వాసనుంటది, మనకు తెల్వదు. ఇది నాది, ఇక్కడ నాకు భయం లేదు అన్న కాడ రాస్తది. మీ పత్తి రాసింది. కంది వచ్చి వాసన జూసి, దాని మీదనే తనది రాసింది. గట్ల రాయంగ రాయంగ రెండు వాసనలు కలిసి ఒక్కటైతయ్. అప్పుడు అది ఇంటి వాసన. ఆ వాసన ఉన్నోళ్లంత ఇంటోళ్లు. ఆ మీద దర్వాజ ఇడిశిపెట్టి ఒకదానికొకటి రాసుకుంటయ్. వారం దినాలు అవి కష్టవడి కలుపుకుంటుంటె, శుక్రారం నువ్వు తుడిచేస్తున్నవ్. మళ్ల మొదటికి."

నేను లెక్క వేసుకుంటున్నాను. ఎనిమిది, ఆరు, మూడు, ఎనిమిది. నేనే. మూడు శుక్రవారాలు, మూడుసార్లూ నేనే.

"నలుగు వెట్టినట్టు" అన్నాను. "పెండ్లిపిల్లకు అందరు కలిసి నలుగు వెడ్తరు గదా. ఇంటోళ్లందరి చేతులు తాకుతయ్."

"గంతే. నువ్వు నలుగు వెట్టంగనే పిల్లకు తానం వోసేస్తున్నవ్."

ఆయన గదిలో నుంచే అన్నారు: "అంటె శుక్రారానికి దోషం లేదన్నట్టు. దోషం చేతుల కొబ్బరిపీచుకున్నది." తరువాత బయటికి వచ్చి అతియాను అడిగారు, "మరి నేను బజార్ నుంచి రాంగనే పత్తి నా కాళ్లకెందుకు రాస్తది?"

"బయటి వాసన తెచ్చిన్రు గద పెద్దనాయినా. మిమ్ములను మళ్ల ఇంట్ల కలుపుకుంటది."

"ఈమె నలభై ఏండ్ల సంది కాళ్లు కడుక్కో అని మొత్తుకుంటది. అది జర మర్యాదగ జెప్తుంది."

వినోద నవ్వింది. పొద్దటి నుంచి అదే మొదటి నవ్వు. నేను లోపలికి పోయి ఫినాయిల్ సీసా వెనక వాకిట్లో పారబోయబోయి, కుక్కలు తాగుతాయేమోనని భయం వేసి, మూత బిగించి అటక మీద పెట్టించాను.

నవంబర్ 23, శనివారం

అతియా చెప్పినట్టు నా పాత నూలు చీర చింపి రెండు ముక్కలు చేశాం. ఒకదానితో నేను పత్తి చెంపలు రాశాను, ఇంకొకదానితో వినోద కంది చెంపలు. పత్తి గుడ్డ కంది గిన్నె కింద, కంది గుడ్డ పత్తి గిన్నె కింద.

పిల్లుల ముఖాలు రుద్దుతూ ఇద్దరు ముసలివాళ్లం కింద కూర్చుని ఉంటే వినోద అన్నది: "అవ్వ మనిద్దర్ని ఒక్క పీట మీద కూసోవెట్టి సున్నిపిండి రుద్దేది యాదికున్నదా? నువ్వు ఎప్పుడు ముందు కూసునేదానివి. నీళ్లు వేడిగ ఉండంగనే నీ తానమైపోయేది."

"నీకు చల్లగయినయా?"

"అరవై ఏండ్లయె, ఇప్పుడడుగుతున్నవా?"

రేపటి నుంచి దాని నీళ్లు ముందు కాచాలి.

నవంబర్ 27, బుధవారం

నాలుగు. కంది అల్మారా దిగి కుర్చీ కింద పడుకుంటోంది. దర్వాజ మీద మరక మళ్లీ పడుతోంది, పలుచగా. పొద్దున లేవగానే మొదట దాన్నే చూస్తున్నాను.

నవంబర్ 29, శుక్రవారం

పెండ్లయినప్పటి నుంచి శుక్రవారం దర్వాజ కడగకుండా ఉన్నది ఈ రోజే. వీధి గడప కడిగి పసుపు రాశాను. వంటింటి దర్వాజ ముట్టలేదు. చేతులు ఆ వైపే గుంజాయి. లక్ష్మీదేవికి కోపం వస్తుందేమో అని ఆయనను రెండుసార్లు అడిగాను.

"లక్ష్మి గడప దాటి వస్తది గని, దర్వాజకు చెంపలు రాసుకుంట రాదు. పో, చాయ్ వెట్టు."

సాయంత్రం దాకా దేవుని గది ముందే కూర్చున్నాను. కొట్లాట లేదు. చీకటి పడింది, లేదు. రెండు బండలు.

డిసెంబర్ 2, సోమవారం

జానకీబాయి వదినె వచ్చింది. అమావాస్య దాటిందని చెప్పాపెట్టకుండా పొద్దటి రైలుకే. నా పెండ్లయిన కొత్తలో ఆమె నా చేత రాగి బిందె మూడుసార్లు తోమించింది. మూడోసారి కూడా బాగా రాలేదన్నది. అప్పటి నుంచి ఆమె ముందు నేను అవును వదినె తప్ప ఇంకో మాట అనలేదు.

కూర్చోక ముందే ఇల్లంతా చూసింది. వంటింటి దగ్గర ఆగింది.

"ఏంది పిల్లా గీ జిడ్డు? చెయ్యి నొస్తుందా, కన్ను మందగించిందా?"

"తరువాత తుడుస్త వదినె."

"తరువాత ఎందుకు? నేను సచ్చినంక నా దినానికి తుడుస్తవా?" అని బకెట్‌లోని గుడ్డ తనే పిండుకుని వంగింది.

నెల నిండడానికి ఇంకా నాలుగు రోజులున్నాయి. రెండు బండలు. వినోద పొయ్యి దగ్గర నిలబడి చూస్తోంది, అడ్డు చెప్పే మనిషి కాదు. నాకు ఏమైందో తెలియదు. పోయి వదినె చేతిలోని తడిగుడ్డ లాక్కున్నాను. ఆమె కళ్లు ఉరిమి చూసింది. అయినా గుడ్డ వదలలేదు.

"అది తుడిస్తె నా చెల్లె పోతది వదినె."

ఇట్లా ఎందుకు అన్నానో. పిల్లుల సంగతి ముందు చెప్పి ఉంటే మర్యాదగా ఉండేది. ఆమెకు ఏం అర్థమవుతుంది ఆ మాట. గుడ్డలోని నీళ్లు నా కాళ్ల మీద కారుతున్నాయి.

వదినె నడుము మీద చేయి వేసుకుని మెల్లగా లేచింది. నన్ను చూసింది, వినోదను చూసింది, మరకను చూసింది. కుర్చీలో కూర్చుంది.

"నలభై ఏండ్లల్ల ఒక్కసారి నాకు వద్దని చెప్పినవ్" అన్నది. "గది గూడ మురికి కోసం. చాయ్ అన్న పోస్తవా, లేకుంటె దానికి గూడ వద్దంటవా?"

చాయ్ పోశాను. చక్కెర వేయకుండా పోశాను, అది మాత్రం మరవలేదు. తాగుతూ కథ అంతా విని, "పిల్లులకున్న తెలివి మన ఇంట్ల మగోళ్లకుంటె మంచిగుండు" అన్నది. అంతలో పత్తి వచ్చి ఆమె చీర కుచ్చెళ్లకు చెంప రాసింది. వదినె కప్పు గాలిలో పెట్టుకుని కదలకుండా ఉంది. "ఇదేంది?" అని మెల్లగా అడిగింది. కలుపుకుంటోంది వదినె అని వినోద చెప్పింది. పత్తి పోయేదాకా ఆమె కాలు కదిలించలేదు.

డిసెంబర్ 3

వదినె పోయింది. పోయేముందు, "దర్వాజ మూలకు గూడ మరక వడ్డది, చూసినవా?" అన్నది. చూపించింది గానీ తుడవలేదు.

వినోద నిన్నటి నుంచి నాతో ఎక్కువ మాట్లాడడం లేదు. నా తలకు నూనె పెట్టింది, చాలాసేపు పెట్టింది. కోపమా?

డిసెంబర్ 4, బుధవారం

పొద్దున తొమ్మిదింటికి. నేను బియ్యం ఏరుతున్నాను. వినోద జొన్నరొట్టె చేస్తోంది, చేతులకు పిండి. కంది కుర్చీ కింద, పత్తి కిటికీ ఎండలో.

మామూలుగా కొత్తదే పాతదాని దగ్గరికి పోతుందని అతియా చెప్పింది. అందుకే నేను కందినే చూస్తున్నాను. లేచింది మా పత్తి. తోక నిట్టనిలువుగా పెట్టి, తొందర లేకుండా హాలు దాటింది. రెండు బండలు. ఒకటి. కంది లేచి నిలబడింది. పత్తి తన నుదురు తెచ్చి కంది నుదుటికి ఆనించింది. చెంపకు చెంప రాసింది. తరువాత రెండూ ఒకదాని పక్క నుంచి ఒకటి ఒళ్లంతా రాసుకుంటూ పోయాయి, మెడ, పక్కటెముకలు, నడుము, చివరకు తోకలు రెండూ ఒకదానికొకటి చుట్టుకున్నాయి. తిరిగి వచ్చి అటు పక్క కూడా రాసుకున్నాయి. ఒక పక్క రాస్తే సరిపోదేమో.

బండలు లెక్కపెట్టడానికి ఏమీ లేదు.

రొట్టె మాడిన వాసన వచ్చింది. వినోద తిప్పలేదు. పిండి చేతులు చీరకు తుడుచుకుని ఫోన్ తీసింది.

"ఐలవ్వా, నేను. నెలకని ఆపిన పాలు మొత్తమే బందు వెట్టు... లేదు, లేదు. నెలకు గాదవ్వా. ఇగ బందే." అవతల ఐలవ్వ ఏమన్నదో, "మంచిగనే ఉన్న. మా అక్కింట్ల ఉన్న" అన్నది.

ఫోన్ పెట్టేసి నా వైపు చూడకుండా రొట్టె తిప్పింది. ఒక పక్క బొగ్గు. ఆ రొట్టె నేనే తిన్నాను. ఇంత రుచి రొట్టె నేను తినలేదు అని రాస్తే అబద్ధం అవుతుంది, చేదుగానే ఉంది. అంతా తిన్నాను.

డిసెంబర్ 6, శుక్రవారం

నెల నిండింది. ఎవరూ ఆ మాట ఎత్తలేదు.

ఇచ్చోడ నుంచి సామాను తేవాలి, కరెంటు వాళ్లకు చెప్పాలి, తాళం ఐలవ్వకు ఇవ్వాలి. రెండు పిల్లులను ఒక్క పూట ఆయన మీద వదిలేసి పోతే ఏమవుతుందో అని నాకు పరేషాన్. "నన్ను వాటి మీద ఇడిశి పోతున్నరా, వాటిని నా మీదనా?" అని ఆయన అడుగుతున్నారు.

వినోద ఫోన్‌లో ఐలవ్వకు చెప్పింది, "మేమిద్దరం వస్తున్నం, పొద్దుగూకక ముందే మళ్ల ఇంటికి పోవాలె" అని. ఇంటికి అంటే ఇక్కడికి. ఐలవ్వ, చుట్టాలు వస్తే తినకుండా పంపేది లేదన్నదట. చెల్లె సొంత ఊరికి మేము చుట్టాలం. రేపు కాదు, ఎల్లుండి. డిసెంబర్ 8, ఆదివారం, ఎనిమిదింటి బస్సు.